గోదావరి పారుతున్నదని రుజువు చేసిన రోజు

వంతెన మీద బస్సు నెమ్మదించగానే కిటికీలోంచి తొంగి చూసి, గోదావరిలో నీళ్ళే లేవు, ఉన్న కాసిని కూడా కదలడం లేదు అని పెదవి విరిచే పిల్లలను చాలామందిని చూశాను. వాళ్ళ మీద నాకు కోపం లేదు. మీసాలు, తుపాకి, ఒక క్యాంపు నిండా జవాన్లు ఉన్న పెద్దమనిషే ఒకప్పుడు ఇదే మాట అన్నాడు. ఆయన మాట తప్పని తేల్చడానికి మాకు ఒక పగలంతా పట్టింది. తేలకపోతే ఆ సాయంత్రం ఒక మనిషిని లారీ ఎక్కించేవాళ్ళు. ఆ రోజుల్లో లారీ ఎక్కినవాళ్ళలో తిరిగి వచ్చినవాళ్ళూ ఉన్నారు, రానివాళ్ళూ ఉన్నారు. అందుకని ఈ సంగతి నవ్వుతూ చెప్తున్నాను గాని, ఆ రోజు పొద్దున నవ్వింది ఎవరూ లేరు.

మాది బచ్చన్నపేట దిక్కు. మా దగ్గర నీళ్ళంటే చెరువులో ఉండేవి, అదీ వానకు మా ఊరి తోవ గుర్తున్న ఏడు. నా చదువు రెండో తరగతితో ఆగింది. పంతులే నన్ను పంపేశాడని మా నాయిన అనేవాడు, పంతులును నేనే వదిలేశానని నేను అనేవాణ్ణి. ఆ తగాదా ఆయన పోయేదాకా తెగలేదు. జనగామ స్టేషన్లో మూటలు మోస్తుంటే ఒక ఓవర్సీయర్ సాబు తన ట్రంకు పెట్టె నా నెత్తికి ఎత్తి, ఈత వచ్చా అని అడిగాడు. బర్రె తోక పట్టుకుని చెరువు దాటినవాణ్ణి, వచ్చన్నాను. అప్పుడు బర్రె సంగతి చెప్పాల్సిన అవసరం నాకు కనిపించలేదు. అలా సర్కారు కొలువు దొరికింది. ఏరు ఎలా ఉంటుందో చూడని మనిషిని ఏటి నీళ్ళు కొలిచే పనిలో పెట్టారు.

మేము ముగ్గురం. సాబు హైదరాబాదు మనిషి. బల్లి ఎదురైనా ఆదాబ్ చెప్పి పక్కకు తప్పుకునేంత మర్యాదస్తుడు. నాతోటి ఖలాసీ మానుకోటాయన, నాకంటే పెద్దవాడు, నిదానస్తుడు. ఆయన ఒక మాట మొదలుపెట్టాడంటే నేను పోయి స్నానం చేసి రావచ్చు, మాట ఇంకా నడుమనే ఉండేది. గోదావరి పక్కన ఉండడానికి అలాంటివాడే తగినవాడని నాకు తర్వాత అర్థమైంది.

మా గుడారం ఇప్పటి భూపాలపల్లి జిల్లాలో, అడవి వచ్చి గోదావరిని తాకే చోట ఉండేది. రజాకార్లు పోయి, మిలటరీ వచ్చి, ఎర్రజెండా సంఘం వాళ్ళు అడవి పట్టిన కాలం. పగలు క్యాంపు జవాన్లు వచ్చి మీరు సంఘం మనుషులా అని అడిగేవాళ్ళు. పొద్దు గూకాక సంఘం వాళ్ళు వచ్చి మీరు సర్కారు మనుషులా అని అడిగేవాళ్ళు. రెండు పూటలా మేము మా సొరకాయ బుర్రలే చూపించేవాళ్ళం. సంఘం వాళ్ళలో ఒకాయన బుర్రను అటూ ఇటూ తిప్పి చూసి, ఈ పనికి జీతం కూడా ఇస్తారా అని అడిగాడు. ఇస్తారంటే, అయితే ఈ సర్కారు ఎక్కువ రోజులు నిలవదులే అని తృప్తిగా వెళ్ళిపోయాడు.

ఆయన అన్నదాంట్లో తప్పు లేదు. ఎండిన సొరకాయ బుర్రను నీళ్ళలో వదలడం, అది పోతుంటే చూడడం, ఇదే మా పని. ఒడ్డున ఎగువ ఒక వెదురు కర్ర, దిగువ ఒక వెదురు కర్ర పాతేవాళ్ళం. బుర్ర మొదటి కర్రకు ఎదురుగా రాగానే నేను రుమాలు ఊపేవాణ్ణి, రెండో కర్రకు ఎదురుగా రాగానే మానుకోటాయన ఊపేవాడు. నడుమ ఎంతసేపు పట్టిందో సాబు జేబు గడియారంలో చూసుకునేవాడు. దాన్నిబట్టి ఏరు ఎంత వడిగా పారుతుందో తేలుతుంది. ఎప్పుడో కట్టబోయే ఆనకట్టకు ఆ లెక్క కావాలట. బుర్రలో పిడికెడు ఇసుక పోసి మూతిని మైనంతో బిగించేవాళ్ళం. అప్పుడది మెడ దాకా మునిగి, నీటి లాగుడుకే పోతుంది. ఉత్త బుర్ర అయితే పైపైన తేలి గాలి ఎటు కొడితే అటు పోతుంది.

వరదల్లో రుమాలు జేబులోంచి తీసేలోగా బుర్ర కనుచూపు దాటిపోయేది. మాఘం దాటిందంటే వేరే ఏరు. సగం వెడల్పు ఇసుక తేలేది. మిగిలిన నీళ్ళు పాయలుగా చీలి, మడుగుల్లో ఆగి, జమ్ముగడ్డిలో దూరి, ఎవరో పిలిస్తే పోవాలా వద్దా అని ఆలోచిస్తున్నట్టు పోయేవి. నేను రుమాలు ఊపి, బీడీ కాల్చి, సద్ది తిని, ఓ కునుకు తీసి లేచినా మానుకోటాయన చెయ్యి లేచేది కాదు. ఆయన కూడా నిద్రపోయాడేమోనని సాబుకు అనుమానం వచ్చేది. ఒక్కోసారి ఆ అనుమానం నిజమయ్యేది.

ఏ బుర్ర ఎక్కడ వదిలామో గుర్తు ఉండాలి. ఒడ్డు పక్కన వదిలేదానికి ఒక గీత, నడుమ వదిలేదానికి రెండు, అవతలి పక్క దానికి మూడు. సాబు మొదట అంకెలు వేద్దామన్నాడు. నీళ్ళలో బుర్ర తిరగబడితే ఆరేదో తొమ్మిదేదో ఎవరు చెప్తారని మానుకోటాయన వాదించి గెలిచాడు. గీతలు జాజుతో గీశాం. ఇళ్ళ అరుగులకు పూసే ఎర్రమన్నే, ఊరికే దొరుకుతుంది. ఆ కాలంలో, ఆ అడవిలో, ఎరుపు రంగుకు ఎంత పేరు ఉందో ముగ్గురిలో ఒక్కరికీ తట్టలేదు. కొలత అయ్యాక బుర్రలను ఈది తెచ్చే పని నాది. మొసళ్ళు ఇసుక మీద ఎండ కాచుకునే వేళ నేను నీళ్ళలోకి దిగేవాణ్ణి కాదు. బుర్ర కంటే నేనే ముఖ్యమని నా అభిప్రాయం, సాబుకు అందులో కొంచెం సందేహం ఉండేది. అలా కొన్ని బుర్రలు మా చేయి దాటి దిగువకు పోయాయి. పోతే పోయాయనుకున్నాం.

మోదుగులు పూసిన రోజుల్లో ఒక పొద్దున జాలరి భార్య మా గుడారానికి వచ్చింది. వాళ్ళ గూడెం మాకు కోసెడు, అంటే రెండు మైళ్ళు దిగువ, ఏటి మలుపులో. మొగుడు పెళ్ళాలిద్దరూ మాకు తెలిసినవాళ్ళే. చేపలు తెచ్చేవాళ్ళు, ఉప్పు తీసుకుపోయేవాళ్ళు. ఆ రోజు ఆమె చేతిలో చేపలు లేవు.

"మీ బుర్రలు మన్నుగాను," అంది. "ఏట్ల కొట్టుకొస్తుంటే వలకు కట్టుకుందామని మా ఇంటాయన ఏరుకొచ్చిండు. నిన్న మిలిట్రోళ్ళొచ్చి ఇల్లు ఎతికిండ్రు. ఎర్రగీతలు సూసిండ్రు. గుంజుకపోయిండ్రు. ఇయ్యాల పొద్దుగూకంగ లారీల వరంగల్‌కు పంపుతరట. మీరొచ్చి అవి మీయేనని చెప్పున్రి సారూ. ఇంకేం అడుగుత లేను."

సాబు వెంటనే షేర్వాణీ తొడుక్కున్నాడు. బొత్తాలు పెట్టుకుంటుంటే ఆయన వేళ్ళు వణకడం నేను చూశాను. దారి పొడుగునా వణికాడు, క్యాంపు కెప్టెన్ ముందు నిలబడీ వణికాడు. కాని చెప్పాల్సినదాంట్లో ఒక్క ముక్క మింగలేదు. భయం లేనివాళ్ళ ధైర్యం గురించి చాలా విన్నాను. నేను చూసిన ధైర్యం మాత్రం ఆ షేర్వాణీలో వణుకుతూ ఉండేది.

కెప్టెన్ ఎక్కడో కొండల దేశం నుంచి వచ్చినవాడు. బల్ల మీద మా బుర్రలు వరసగా పెట్టి ఉన్నాయి. ఒక గీతంటే ఎంతమంది, మూడు గీతలంటే ఎంతమంది అని అడిగాడు. ఒక గీతంటే ఒడ్డు పక్కన, హుజూర్, మూడు గీతలంటే అవతలి ఒడ్డు అని సాబు చెప్పాడు. అవతలి ఒడ్డున ఎవరున్నారు అని కెప్టెన్ వెంటనే పట్టుకున్నాడు. కప్పలు అని నేను చెప్పబోతే మానుకోటాయన నా కాలు తొక్కాడు.

చివరికి బుర్రలు మావేనని ఆయన నమ్మాడు. చిక్కు అక్కడ కాదు. మా దగ్గర ఉండాల్సిన బుర్రలు కోసెడు దిగువన జాలరి ఇంట్లోకి ఎలా వచ్చాయన్నది ఆయన ప్రశ్న. ఏరు తెచ్చిందని జాలరి చెప్పాడట. అది తనను వెక్కిరించడమేనని కెప్టెన్ అనుకున్నాడు. వాళ్ళ ఊళ్ళో నది అంటే బండలు దొర్లుతాయి, చప్పుడుకు పక్కమనిషి మాట వినపడదు. ఆయన కిటికీలోంచి గోదావరిని చూపించి అన్న మాట నాకు ఇప్పటికీ చెవిలో ఉంది.

"ఈ నీళ్ళు నిలబడి ఉన్నాయి. నిలబడ్డ నీళ్ళు ఏమీ మోసుకురావు. మనుషులు మోసుకొస్తారు."

ఆ మనుషులెవరో చెప్పమంటే జాలరి చెప్పడం లేదట. లేని మనుషుల పేర్లు ఎక్కడినుంచి తెస్తాడు? గది మూలన చేతులు కట్టేసి కూర్చోబెట్టారు అతన్ని. చెంప వాచి ఉంది. మమ్మల్ని చూసి తలెత్తాడు. మా ముఖాల్లో దేనికోసమో వెతికి మళ్ళీ తల దించుకున్నాడు.

అప్పుడు నా నోరు నన్ను అడగకుండానే లేచింది. స్టేషన్లో నేర్చిన ఉర్దూలో, చూపిస్తాం సాబ్, మీ కళ్ళ ముందే బుర్ర వదులుతాం, అదే నడిచిపోయి వీళ్ళ రేవు చేరుతుంది అన్నాను. కెప్టెన్ నన్ను కింది నుంచి పైదాకా చూశాడు. అడవిలో చాలా రోజులుగా ఏమీ జరగక విసిగి ఉన్నాడో, లేక అతని మనసులోనూ ఎక్కడో సందేహం ఉందో, సరేనన్నాడు. షరతులు పెట్టాడు. బుర్రను ఎవరూ ముట్టకూడదు. లారీ బయల్దేరేలోగా అది జాలరి రేవు దాటాలి. దాటకపోతే జాలరితో పాటు మా ముగ్గురికి కూడా లారీలో చోటుందన్నాడు. సాబు ఆదాబ్ చేశాడు. ఇంకేం చేస్తాడు పాపం.

జాలరిని ఇద్దరు జవాన్లు అతని రేవుకే తీసుకుపోయి ఇసుకలో కూర్చోబెట్టారు. కెప్టెన్, మిగిలిన జవాన్లు, మేము, జాలరి భార్య ఎగువన మా కర్ర దగ్గరికి వచ్చాం.

ఇక్కడ మా వాళ్ళు చేసిన పని వినండి. దొర చూస్తున్నాడు, మామూలు బుర్ర వదిలితే ఏం బాగుంటుంది అని సాబుకూ మానుకోటాయనకూ ఒకేసారి తోచింది. మా దగ్గర ఒక పెద్ద బుర్ర ఉండేది. కుండలా గుండ్రంగా, నున్నగా, చూడ ముచ్చటగా ఉండేది. ఎవరైనా పై అధికారి తనిఖీకి వస్తే చూపిద్దామని గుడ్డలో చుట్టి దాచారు దాన్ని. ఏనాడూ నీళ్ళలో వెయ్యలేదు. దాన్ని బయటికి తీసి, తుడిచి, జాజుతో గీతలు దిద్ది, నీళ్ళలో వదిలారు. లోపల ఇసుక లేదు. ఇసుక పోస్తే అంత అందమైన బుర్ర మునిగిపోతుంది, ఇక దొరకు ఏం కనిపిస్తుంది అని మానుకోటాయన ఆలోచన. పెళ్ళికి పోతూ కొత్త చెప్పులు వేసుకున్నట్టు, నడవాల్సిన రోజున నడవని బుర్రను దించారు.

కాసేపు బాగానే పోయింది. జవాన్లు వెంట నడిచారు. నేను జాలరి భార్యకు ధైర్యం చెప్తూ రెండు మూడు జోకులు కూడా వేశాను. పొద్దు నెత్తికెక్కే వేళకు దిగువ నుంచి గాలి లేచింది. బుర్ర ఆగింది. ఆగి, ఒకసారి గుండ్రంగా తిరిగి, ఎదురెక్కడం మొదలుపెట్టింది. మేమంతా నోరు తెరిచి చూస్తుండగా వచ్చిన దారినే వెనక్కి పోయి, మొదటి కర్రను దాటి, మేము వదిలిన చోటు కూడా దాటి, ఎగువకు ప్రయాణం కట్టింది.

 ఒక కుర్ర జవాను నవ్వబోయి కెప్టెన్ ముఖం చూసి దగ్గుగా మార్చుకున్నాడు. నది వెనక్కి పారుతుందని ఏ పుస్తకంలో రాశారు అని కెప్టెన్ సాబును అడిగాడు.  జాలరి భార్య అరవలేదు, శపించలేదు. ఒడ్డున ఉన్న బండ మీద కూలబడి కొంగు నోట్లో కుక్కుకుంది. ఆమెను చూసి నాకు వెయ్యడానికి జోకు దొరకలేదు. నా జీవితంలో అలా జరిగిన సందర్భాలు తక్కువ.

కెప్టెన్ కూడా ఎండకు డస్సి ఉన్నాడు. పరీక్ష అయిపోయిందన్నట్టు చెయ్యి ఊపి, బూట్లు విప్పి, నీళ్ళలోకి పొడుచుకొచ్చిన బండ అంచున కూర్చుని కాళ్ళు ఏట్లో పెట్టాడు. పొద్దుటి నుంచి ఒడ్డు వెంట బురదలో నడిచిన కాళ్ళు, బూట్లలోకి కూడా దిగి పిక్కల దాకా నల్లమన్ను. ఆయన పాదంతో పాదం రుద్దుకుంటుంటే తేటనీళ్ళలో మన్ను పొగలా లేచింది. నేను అటే చూస్తున్నాను, చూడ్డానికి ఇంకేం లేక. ఆ పొగ ఎగువకు పోలేదు. పైన గాలి ఎదురుగా కొడుతూనే ఉంది, నీళ్ళ మీద అలలు ఎగువకే పోతున్నాయి, కింద ఆ మన్ను మాత్రం తొందర లేకుండా, పొడుగ్గా సాగుతూ దిగువకు పోతున్నది.

"సాబ్," అన్నాను. "మీ కాళ్ళ దిక్కు చూడండి."

పామేమోనని కాళ్ళు పైకి లాక్కున్నాడు. పాము కాదు సాబ్, మీ మన్ను, అది ఎటు పోతున్నదో చూడండి అన్నాను. ఆయన వంగి చూశాడు. మళ్ళీ కాలు ముంచి రుద్దాడు. మళ్ళీ మన్ను లేచింది, మళ్ళీ దిగువకే సాగింది. ఈసారి పిడికెడు మన్ను తానే తీసి నీళ్ళలో వదిలాడు. చాలాసేపు అలా ఆడాడు. పైన గాలి తోలుతుంది, కింద ఏరు పోతుంది, మేము బుర్రలో ఇసుక పోసేది అందుకే, ఈరోజు తమరి మీద మర్యాద కొద్దీ పోయలేదు అని చెప్పాను. ఆయన సాబు వైపు చూశాడు. సాబు తల వంచి, మర్యాద మా పొరపాటు హుజూర్ అన్నాడు.

రెండో బుర్రకు అవకాశం దొరికింది. లారీ వేళ మాత్రం మారదన్నాడు కెప్టెన్.

ఈసారి మానుకోటాయన బుర్రల్లో అన్నిటికంటే అనాకారిని ఎత్తాడు. మెడ వంకర, ఒళ్ళంతా మచ్చలు, చాలా కొలతలు చూసిన పాత కాపు. ఇసుక పోసి, మైనం బిగించి, రెండు చేతులా పట్టుకుని నీళ్ళలో దించుతూ, ఏమనుకోకు అన్నట్టు ఏదో గొణిగాడు. అది మెడ దాకా మునిగి, వంకర తల పైకి పెట్టి, గాలిని లెక్క చెయ్యకుండా బయల్దేరింది.

దాని వెంట మేము నడిచిన ఆ మధ్యాహ్నమే నాకు గోదావరి పరిచయమైంది. అంతకు ముందు నేను దాన్ని రెండు కర్రల నడుమ మాత్రమే చూసినవాణ్ణి. ముందు మడుగు. ఆకాశం మొత్తం అందులో పడుకుని ఉంది. బుర్ర ఒక మబ్బు మీంచి ఇంకో మబ్బు మీదికి పోవడానికి ఎంతసేపు తీసుకుందంటే, జవాన్లు చెట్టు కిందికి పోయి రొట్టెలు తిని వచ్చారు. మడుగు చివర ఇసుక దిబ్బ. దాని మీద నల్లటోపీ పెట్టినట్టుండే తెల్లపిట్టలు గుడ్లు పెట్టి ఉన్నాయి. మేము దగ్గరికి రాగానే అన్నీ లేచి మా నెత్తుల మీద అరిచాయి. కెప్టెన్ టోపీ మీద ఒకటి రెట్ట వేసింది. ఆయన తుడుచుకుని, గుడ్లు తొక్కకుండా చుట్టు తిరిగి నడవమని జవాన్లకు చెప్పాడు. ఆ మాట విన్నప్పుడు మొదటిసారి నాకు కొంచెం ఆశ కలిగింది.

దిబ్బ దగ్గర ఏరు రెండు పాయలైంది. ఎడమది వెడల్పుగా, ఠీవిగా, చూస్తే అదే నది అనిపిస్తుంది. అయితే చివర ఇసుక మేట అడ్డం పడి అందులో నీళ్ళు నాచు పట్టి కూర్చున్నాయి. కుడిది సన్నపాయ, పొదల నడుమ పిల్లకాలువలా ఉంది. బుర్ర చీలిక దగ్గర నిలబడింది. ఎడమకు పోతే మా పని అయిపోయినట్టే.  ఇసుక మీద పడుకున్న మొసలి ఒకటి అప్పుడే లేచి నీళ్ళలోకి జారింది. జవాన్లు తుపాకులు ఎత్తారు, కెప్టెన్ దించమన్నాడు. మొసలి బుర్ర దాకా పోయి, మూతితో వాసన చూసి, ఇది తినేది కాదు, సర్కారుది అన్నట్టు మునిగిపోయింది. బుర్ర రెండు మూడు ఊగులు ఊగి నెమ్మదిగా సన్నపాయ వైపు తిరిగింది. మొసలి ముట్టింది గదా, షరతు తప్పినట్టా అని మానుకోటాయన అమాయకంగా అడిగాడు. ఈసారి ఆయన కాలు నేను తొక్కాను. మొసలి మీ మనిషి కాదులే అన్నాడు కెప్టెన్. మేమంతా నవ్వాం. పొద్దుటి నుంచి అదే మొదటి నవ్వు.

ఆ తర్వాత జమ్ము వచ్చింది. మనిషెత్తు జమ్ము, ఒడ్డు నుంచి ఒడ్డు దాకా. బుర్ర అందులోకి దూరి కనిపించకుండా పోయింది. మేము చుట్టు తిరిగి దిగువ అంచుకు వచ్చి నిలబడ్డాం. జమ్ములో జెల్ల చేపలు ఎగురుతున్న చప్పుడు, తీతువు అరుపు, అంతే. పొద్దు వాలుతున్నది. ఇక్కడ బయటికొస్తుందని జాలరి భార్య ఒక చోటు చూపించింది, పుట్టి బుద్ధెరిగిన ఏరు ఆమెది. కాదు అక్కడ అని మానుకోటాయన ఇంకో చోటు చూపించాడు. జవాన్లు రెండు జట్లై ఎవరి చోటు వాళ్ళు కాపు కాశారు. తుపాకులు ఇసుకలో పెట్టి మోకాళ్ళ మీద కూర్చుని, రా రా అని తమ భాషలో పిలుస్తున్నారు. ముందురోజు ఆ బుర్రలను చూసి మనిషిని కొట్టినవాళ్ళే వాళ్ళు. చివరికి రెండు చోట్లా కాకుండా, ఒక జవాను ఒంటరిగా కూర్చుని పళ్ళెం కడుక్కుంటున్న మూల నుంచి బుర్ర తల బయటపెట్టింది. అతను కెవ్వున అరిచి పళ్ళెం వదిలేశాడు.

జాలరి భార్య నా భుజం పట్టుకుని, "తమ్మీ, ఇగ మలుపే," అంది. ఆ చెయ్యి ఎంత గట్టిగా పట్టిందంటే నాకు నొప్పి పుట్టింది. నేను విడిపించుకోలేదు.

మలుపులో రేవు. జాలరి పొద్దుటి నుంచి ఎక్కడ కూర్చోబెట్టారో అక్కడే ఉన్నాడు. పైన బాట మీద లారీ ఇంజను మోత మొదలైంది. డ్రైవర్ హారన్ కొడుతున్నాడు. కెప్టెన్ వెనక్కి తిరక్కుండానే ఆగమని చెయ్యి ఎత్తాడు. బుర్ర పొద్దుగూకే ఎర్రటి ఎండలో వంకర తల ఊపుకుంటూ, ఎవరి బలవంతమూ లేకుండా, వచ్చి జాలరికి ఎదురుగా నిలిచినట్టు నిలిచి, మెల్లగా దాటింది.

కెప్టెన్ తానే వంగి జాలరి చేతుల తాడు విప్పాడు. క్షమించమని అనలేదు. అనడం వాళ్ళ కొలువులో లేదేమో. తాడు విప్పడానికి మాత్రం జవాన్ను పిలవలేదు.

జాలరి మణికట్లు రుద్దుకుంటూ నిలబడ్డాడు. పోతున్న బుర్రను పట్టుకో, మళ్ళీ కొట్టుకుపోతుంది అని భార్య తొందర పెట్టింది. అతను చేతులు వెనక్కి పెట్టుకున్నాడు.

"నేను ముట్ట. ఒక్కపాలి ముట్టిన సంబురం సాలు."

బుర్ర దిగువకు సాగుతున్నది. దిగువన ఏముంది అని కెప్టెన్ నన్ను అడిగాడు. ఇంకో గూడెం, అక్కడా వలలు వేసేవాళ్ళే, ఆ పక్కన ఇంకో క్యాంపు అని చెప్పాను.  ఆయన బూట్లతోనే, బెల్టు తుపాకితోనే ఏట్లోకి దిగాడు. జవాన్లు కంగారుగా లేచారు. మోకాళ్ళు మునిగాయి, తొడలు మునిగాయి, బుర్ర ఇంకా చెయ్యంత దూరంలోనే ఉంది.

"దొరా, గటు పోకు," అన్నాడు జాలరి. "గటు మడుగుంది."

చెప్పి ఊరుకోలేదు. నీళ్ళలోకి దిగి, తాడు ఒరుసుకుపోయిన చేత్తో కెప్టెన్ మణికట్టు పట్టుకున్నాడు. తన వెనకే అడుగు వెయ్యమని సైగ చేసి, ఇసుక గట్టిగా ఉన్న వైపు నుంచి అతన్ని చుట్టు తిప్పి తీసుకుపోయాడు. కెప్టెన్ బుర్రను అందుకుని రొమ్ముకు అదుముకున్నాడు. కాని వెంటనే వెనక్కి రాలేదు. నడుము లోతు నీళ్ళలో కదలకుండా నిలబడ్డాడు. చెవి పెట్టి ఏదో వింటున్నవాడిలా ఉంది ముఖం.

లాగుతున్నది అన్నాడు ఆయన భాషలో. తనలో తాను అనుకున్నట్టు అన్నాడు. జాలరికి ఆ భాష రాదు. అయినా తల ఊపాడు.

"గుంజుతది దొరా. ఎప్పుడు గుంజుతనే ఉంటది. నిలబడి సూస్తెనే ఎరుకైతది."

ఇద్దరూ ఒకరి అడుగులో ఒకరు అడుగు వేసుకుంటూ ఒడ్డుకు వచ్చారు. లారీ బియ్యం దించిన ఖాళీ బస్తాలు వేసుకుని వరంగల్‌కు పోయింది.